కూతకు వెళ్ళిన మనిషి

ఆయన నన్ను మొదటిసారి చూసిన రోజు నా ముఖం చూడలేదు, గోళ్ళు చూశాడు. గల్ఫ్‌లో, బ్నీద్ అల్ గార్‌లో, నేను ఇంటిపని చేసే మా మామా, అంటే యజమానురాలి ఇంటికి కొత్త డ్రైవరుగా వచ్చి, వంటింటి గుమ్మం దగ్గర టీ గ్లాసు అందుకుంటూ, "ఏం తల్లీ, ఈ గోళ్ళతోనే పిండి పిసుకుతాండావా?" అన్నాడు. నాకు ముక్కు మీద కోపం. "నీకు టీ కావల్నా, నా గోళ్ళు కావల్నా?" అన్నాను. ఆయన నవ్వలేదు, కోప్పడనూ లేదు. కారు తాళాల గుత్తికి వేలాడుతున్న నెయిల్ కట్టర్ విప్పి గట్టు మీద పెట్టి వెళ్ళిపోయాడు. మర్నాడు పొద్దున్నే వచ్చి, నా చేతులు చూసి, కట్టర్ తీసుకుని మళ్ళీ గుత్తికి తగిలించుకున్నాడు.

పోయిన వారం మల్లేశం ఫోను చేశాడు. జగిత్యాల మనిషి, అప్పట్లో అక్కడే అల్ రాయ్ పేటలో కార్లకు పెయింటింగ్ చేసేవాడు. "అక్కా, కోచ్ సాబ్ పోయిండట. నిద్రల్నే పోయిండట. గీ మాట నీకు తెల్వదా?" అన్నాడు. తెలియదు. మా రాయచోటికి బస్సులో గంట దూరంలో పోయిన మనిషి కబురు నాకు జగిత్యాల నుంచి వచ్చింది. ఆ గంట దూరం నేను ఎందుకు పోలేకపోయానో చెప్పాలనే ఇది రాస్తున్నాను. పదో తరగతి దాకా చదివిన చదువు ఇన్నాళ్ళకు ఇందుకు పనికొస్తోంది.

ఆ డ్రైవరును కోచ్ అనే అందరం పిలిచేవాళ్ళం. అసలు పేరు ఆయన ఇఖామా మీద, ఆ దేశంలో ఉండనిచ్చే కార్డు మీద మాత్రమే ఉండేది. మామా పిల్లలు కూడా బడికి పోయేటప్పుడు "కోచ్, యల్లా!" అని, పదమని అరిచేవాళ్ళు. కడప జిల్లాలో ఒకప్పుడు పెద్ద కబడ్డీ ఆటగాడట. ఆ సంగతి ఆయన నోటి నుంచి వచ్చింది చాలా తక్కువ. కుడి మోకాలు ఎందుకు అలా వంకర పోయిందని అడిగితే "ఆటలో పోయింది" అనేవాడు, అంతే. మల్లేశం ఊరుకునే రకం కాదు. "ఎంతమందిని అవుట్ జేసి ఉంటవ్ అన్నా నీ జమానాల?" అని గుచ్చి గుచ్చి అడిగాడు ఒకసారి. ఆయన చాలాసేపు ఆలోచించి, "అది గ్యాపకం ల్యా. నా పట్టు తప్పిచ్చుకోని పోయినోళ్ళు మాత్రం ఒక్కొక్కడూ గ్యాపకముండారు" అన్నాడు. వాళ్ళ పేర్లు, ఊళ్ళు, ఏ కాలు ముందు పెట్టి తప్పించుకున్నారో కూడా చెప్పాడు.

శుక్రవారం వస్తే ఆయన వేరే మనిషి. అల్ రాయ్ గోదాముల వెనక ఒక ఖాళీ స్థలం ఉండేది. అక్కడ మెకానిక్కులు, వెల్డర్లు, హవల్లీలో ఎలక్ట్రికల్ పని చేసేవాళ్ళు, మా కడప వాళ్ళు, నిజామాబాద్, జగిత్యాల వాళ్ళు ఒక పదిహేను మంది చేరేవాళ్ళు. ఆయన మడమకు బొటనవేలు ఆనించి అడుగులు కొలిచి, సున్నంతో గీతలు వేసేవాడు. ఆ గీత అర అడుగు వంకర పోతే చెరిపి మళ్ళీ మొదటి నుంచి కొలిచేవాడు. తర్వాత అందర్నీ వరసలో నిలబెట్టి చేతులు చాపమనేవాడు. గోళ్ళు పెరిగినవాడికి తనే దగ్గర కూర్చుని కత్తిరించేవాడు. ఆ తర్వాత ఒక్కొక్కడి చెయ్యి మోచేతి నుంచి కింది దాకా తన అరచేత్తో రుద్ది చూసేవాడు, కొబ్బరినూనె రాసుకున్నారేమోనని. నూనె తగిలిందా, వాడు ఇసుకతో తోముకుని రావలసిందే. మామా నన్ను సరుకులకు సూక్‌కు, బజారుకు పంపిన శుక్రవారాల్లో నేను కారులో కూర్చుని ఇదంతా చూసేదాన్ని. బతుకుతెరువుకు వచ్చి ఈ పెళ్ళిచూపులేంది వీళ్ళకు అని నవ్వుకునేదాన్ని.

ఓడిపోయిన రోజు ఒకటే మాట అనేవాడు: "తప్పు నాది." మల్లేశానికి అది వింటే ఒళ్ళు మండేది.

"జారవిడిసింది నేనైతే, తప్పు నీదెట్లయితది కోచ్ సాబ్?"

"నిన్ను ఆ మూల నిలబెట్టింది ఎవురు? నేను గదా?"

"మరి గెలిస్తే?"

"గెలిస్తే మీరు గెలిచినట్టు. ఎండలో నిలబడకుండా బిన్నా పొయ్యి నీళ్ళు తాగి రాపోండి."

ఇది గొప్ప కోసం అనే మాట అనుకునేదాన్ని నేను. అంత తేలిగ్గా అనుకున్నందుకు ఇప్పుడు సిగ్గుగా ఉంది.

తొంభయ్యో సంవత్సరం ఆగస్టులో ఇరాక్ సైన్యం మేమున్న దేశం మీదికి వచ్చింది. మా మామా, ఆమె భర్త బాబా, పిల్లలు అప్పటికి ఎండలు తప్పించుకోవడానికి లండన్ పోయి ఉన్నారు. అంత పెద్ద ఇంట్లో నేను, గేటు పక్క గదిలో ఆయన, అంతే. పొద్దున్నే పిండి కలుపుతుంటే గ్లాసులు గలగలమన్నాయి. వీధి చివర ట్యాంకులు పోతున్నాయి. వెనకింటి వాళ్ళు "రెండ్రోజుల్లో వస్తాం" అని చెప్పి, ఉన్నపళంగా సౌదీ వైపు కారెక్కి పోయారు. వాళ్ళింట్లో పనిచేసే రెడ్డెమ్మను వదిలేసి పోయారు. ఇరవై ఏళ్ళు ఉంటాయేమో ఆ పిల్లకి. మా రాయచోటి పక్క పల్లె. మేనమామ కొడుకుతో పెళ్ళి మాట అనుకుని, రెండేళ్ళు సంపాదించుకుని వస్తానని వచ్చింది. గోడ దూకి మా ఇంట్లో పడి, నా చీర కొంగు పట్టుకుని రెండు రోజులు వదల్లేదు.

నాలుగో రోజో అయిదో రోజో సైనికులు గేటు తట్టారు. కారు కావాలన్నారు. ఒకడు తుపాకి ఆయన రొమ్ముకు ఆనించి తాళాల కోసం చెయ్యి చాపాడు. నేనూ రెడ్డెమ్మా వంటింటి కిటికీ లోంచి చూస్తున్నాం. ఆయన తాళాల గుత్తి బయటికి తీసి, రెండో చేత్తో వేలు పైకెత్తి "దకీకా, దకీకా" అన్నాడు, ఒక్క నిమిషం అని. గుత్తి రింగు తెరుచుకోదు. ఆయన గింజుకుంటున్నాడు. తుపాకి కదల్లేదు. చివరికి నెయిల్ కట్టర్ ఊడదీసి జేబులో వేసుకుని, తాళాలు ఆ సైనికుడి చేతిలో పెట్టాడు. వాళ్ళు పోయాక లోపలికి వస్తే నేను తిట్టిన తిట్టు తిట్టకుండా తిట్టాను. అంతా విని, "ఆ పిలగాని గోళ్ళు చూసినావా తల్లీ? మట్టి. ఇంట్లో ఎవురూ చెప్పేవోళ్ళు లేరేమో" అన్నాడు. అప్పుడు నా కోపం పోయి, ఈ మనిషికి భయం ఎక్కడ పెట్టాడు దేవుడు అని ఆశ్చర్యం పట్టుకుంది. ఆ ఆశ్చర్యం ఇప్పటిదాకా తగ్గలేదు.

రొట్టెలు దొరకడం తగ్గిపోయింది. బస్సులు మాట్లాడుకుని బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాన్ పోతే అక్కడ అమ్మాన్ నుంచి మన విమానాలు తీసుకుపోతున్నాయని కబురు. అల్ రాయ్ ఆటగాళ్ళు మా ఇంటికి చేరారు. చుట్టుపక్కల ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళం అయిదుగురం. నా పాస్‌పోర్టు, ఆయనది మామా బీరువాలో ఉన్నాయి. బీరువా తాళం లండన్‌లో. ఆయన బీరువా వెనక చెక్క విప్పి పాస్‌పోర్టులు తీసి, బంగారం వైపు చూడనైనా చూడకుండా చెక్క మళ్ళీ బిగించాడు.

బయలుదేరే ముందు మూడు రోజులు మా ఇంటి వెనక వాకిట్లో మాకు గొలుసు నేర్పించాడు. కబడ్డీలో కూతకు వచ్చినవాణ్ణి చుట్టేయడానికి ఆటగాళ్ళు చేతులు పట్టుకుని కడతారే, ఆ గొలుసు. ఆడవాళ్ళం సిగ్గుపడి వేళ్ళ కొనలు తగిలించాం. "వేళ్ళు పట్టుకుంటే జారతాయి. మణికట్టు పట్టుకోండి. నువ్వు ఆ పాప మణికట్టు, ఆ పాప నీ మణికట్టు. ఒకరు వదిల్నా ఇంకొకరి పట్టు ఉంటాది" అన్నాడు. గాజులు తీయమన్నాడు. మొగుడు బతికుండగా గాజులెట్లా తీస్తామని గొడవ చేశాం. ఆయన మమ్మల్ని ఏమీ అనకుండా పాత గుడ్డపేలికలు తెచ్చి, గాజుల మీద చుట్టి కట్టించాడు. నాకు గొలుసు కంటే నా సామాను మీద ధ్యాస. రెండేళ్ళ జీతంలో మిగిల్చి కొన్న టూ-ఇన్-వన్ టేప్ రికార్డర్ ఉంది నాకు. గల్ఫ్ నుంచి వచ్చినవాళ్ళు అది లేకుండా ఊళ్ళో దిగితే ఏం విలువ? గుడ్డసంచిలో పెట్టుకుని భుజానికి తగిలించుకున్నాను. ఆయన చూశాడు కానీ వద్దనలేదు.

బాగ్దాద్ దాటి జోర్డాన్ సరిహద్దు దగ్గర దింపారు. ముందు ముళ్ళకంచె, వెనక ఎడారి, మధ్యలో కంటికి ఆనినంత మేర గుడారాలు. బంగ్లాదేశ్ వాళ్ళు, శ్రీలంక వాళ్ళు, ఫిలిప్పీన్స్ వాళ్ళు, పాకిస్తాన్ వాళ్ళు, మనవాళ్ళు. నీళ్ళ లారీ వస్తే మనుషులు మనుషుల మీద పడేవాళ్ళు. తొక్కిసలాటలో చేతులు విరిగినవాళ్ళను చూశాను. మా గొలుసు మాత్రం తెగలేదు. రెండు చివర్లా మగవాళ్ళు, మధ్యలో ఆడవాళ్ళం, ఎదుట మల్లేశం బక్కెట్టుతో. ఆయన పక్కన నిలబడి "నిలుపు... నిలుపు... అడుగెయ్" అని చెబుతుంటే ఎనిమిది రోజులు మేమెవ్వరం దాహంతో పడుకోలేదు. రోజూ ఒక్కొక్కరి తల మీద చెయ్యి వేసి లెక్క చూసుకునేవాడు.

తొమ్మిదో రోజు మధ్యాహ్నం అమ్మాన్ బస్సులు వచ్చాయన్నారు. క్యాంపంతా లేచి పరుగెత్తింది. కాళ్ళ కింది మన్ను లేచి పక్క మనిషి కనబడలేదు. గొలుసులో నాకు పక్కన రెడ్డెమ్మ, రెడ్డెమ్మకు అటు పక్కన ఆయన. బస్సు తలుపు ఇంకో పది అడుగులు ఉందనగా ఎవరో నా సంచి పట్టుకుని లాగారు. భుజం మీంచి జారుతోంది. ఒక్క చెయ్యి ఖాళీగా ఉంటే చాలు, పట్టుకోవచ్చు. సంచి ఉన్న వైపు చేతిలో రెడ్డెమ్మ మణికట్టు ఉంది.

వదిలేశాను. ఆ పిల్ల వేళ్ళు ఇంకా నా మణికట్టును పట్టుకునే ఉన్నాయి. నేనే గుంజుకున్నాను.

సంచి దక్కింది. జనం మా మధ్యలోకి వచ్చిపడ్డారు. ఆయన ఆ పిల్ల చెయ్యి వదలకుండా జనం తోపుకి కొంత దూరం పోయాడు, ఆ మోకాలు మడతపడి కింద పడ్డాక గానీ ఆయన పట్టు జారలేదు. లేచి బస్సెక్కి తలలు లెక్కపెట్టాడు. ఒక తల తక్కువ. డ్రైవరు "యల్లా, యల్లా" అని హారను కొడుతున్నాడు.

"మల్లేశం, వీళ్ళను అమ్మాన్ దాకా నువ్వు చూసుకో."

"నువ్వు పాగలైనవా కోచ్ సాబ్? గింతమందిల ఆ పొల్లను యాడ దేవులాడుతవ్?"

ఆయన దిగిపోయాడు. నేనూ దిగాను. మంచితనంతో కాదు, ఆ బస్సులో కూర్చోలేక దిగాను.

రెడ్డెమ్మా అని పిలిస్తే ఆ గోలలో ఎవరికి వినబడుతుంది? ఏదో పేరు పెట్టి అరిచేవాళ్ళు వేలమంది ఉన్నారక్కడ. ఆయన కాసేపు గుడారాల వరసల వైపు చూస్తూ నిలబడ్డాడు. తర్వాత ఇసుక మీద మడమతో అడ్డంగా ఒక గీత గీశాడు. ఊపిరి నిండా పీల్చుకుని, గీత తాకి, "కబడ్డి కబడ్డి కబడ్డి" అంటూ మొదటి వరసలోకి వెళ్ళాడు.

 యాభై దాటిన మనిషి, కాలు ఈడుస్తూ, ఆ ఎండలో, గుడారాల మధ్య కూత పెట్టుకుంటూ పోతున్నాడు. వరస చివర దాకా ఊపిరి తీసుకోడు. చివర ఆగి, వంగి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని రొప్పి, మళ్ళీ పక్క వరసలోకి. ముందు జనం నవ్వారు. పిచ్చోడనుకున్నారు. తర్వాత ఒక బంగ్లాదేశ్ గుంపు లేచి నిలబడింది. వాళ్ళకూ ఉందట ఈ ఆట. విషయం హిందీలో నేను చెబితే వాళ్ళలో ఇద్దరు అటు వరసల్లోకి కూత పెట్టుకుంటూ పోయారు. ఒక పంజాబీ ముసలాయన, పాకిస్తాన్ మనిషి, తన గొంతుతో ఇంకో వైపు అందుకున్నాడు. ఎవరి గొంతు వాళ్ళదే, మాట మాత్రం ఒకటే.  ఆ రోజు దొరకలేదు. పొద్దున్నే మళ్ళీ గీత గీశాడు. అప్పటికి ఆయన గొంతు బొంగురుపోయింది, మోకాలు గుమ్మడికాయంత వాచింది. కూర్చోమని కాళ్ళావేళ్ళా పడ్డాను. "ఆట అయిపోల్యా ఇంకా" అన్నాడు.

రెండో రోజు మధ్యాహ్నం, శ్రీలంక ఆడవాళ్ళ గుడారాల దగ్గర, ఒక గుడ్డ తెర తొలగి రెడ్డెమ్మ బయటికి వచ్చింది. పెదాలు పగిలి, జుట్టు అట్టలు కట్టి. ఆ కూత విని వచ్చింది. ఆయన మధ్యలో ఆపలేదు. కూత పెడుతూనే ఆ పిల్ల దగ్గరికి పోయి, మణికట్టు పట్టుకుని, వెనక్కి తిరిగి గీత దాకా నడిపించుకొచ్చి, గీత దాటాక అప్పుడు ఊపిరి వదిలి ఇసుకలో కూలబడ్డాడు. చుట్టూ జనం చప్పట్లు కొట్టారు. నేను ఏడుస్తున్నాను. నా జన్మలో అంతటి మనిషిని నేను మళ్ళీ చూడలేదు.

రెడ్డెమ్మ మాత్రం ఏడవలేదు. ఆ మన్నులో, ఆ తోపులాటలో ఏ చెయ్యి ముందు పోయిందో ఆ పిల్లకు తెలియలేదు. మా ఇద్దర్నీ మార్చి మార్చి చూసి, "ముందు ఎవురు వదిల్నారు నన్ను?" అంది.

నా సంచి నా భుజానే ఉంది. 

ఆయన తల పైకెత్తి, "నేనే పాపా. తప్పు నాది. నేను వదిలేతలికి ఆ యమ్మ పట్టు నిలవల్యా" అన్నాడు.

"నిన్ను నమ్మినా గదా అన్నా నేను! రెండు దినాలు! ఒక్కదాన్ని! ఎవురు యాడికి లాక్కపోతారో అని కన్ను మూయల్యా!" అని ఆయన చెయ్యి విదిలించి కొట్టింది. ఆయన తల ఊపాడు, అంతే.

అప్పుడు చెప్పాల్సింది నేను. చెప్పలేదు. అమ్మాన్ బస్సు కోసం నడుస్తుంటే ఆయన నా పక్కకు వచ్చి, "బరువుగా ఉన్నట్టుండాది, ఇట్లియ్యి తల్లీ" అని సంచి తీసుకుని తన భుజానికి వేసుకున్నాడు. ఆ వాచిన మోకాలితో బొంబాయి దాకా నా టేప్ రికార్డర్ ఆయనే మోశాడు. దాని గురించి ఒక్క మాట అడగలేదు. ఇంటికి పోయి స్విచ్ వేస్తే అందులోంచి ఇసుక రాలింది, పాట రాలేదు.

ఊళ్ళో రెడ్డెమ్మను అందరూ ఒకటే అడిగారు: ఆ రెండు దినాలు యాడుండినావు? శ్రీలంక ఆడవాళ్ళు కాపాడారని ఎంత చెప్పినా మేనమామ ఇంటివాళ్ళు వినలేదు. సంబంధం తప్పిపోయింది. కొన్నేళ్ళకు రెండో పెళ్ళివాడికి ఇచ్చి చేశారు, అదీ కోచ్ ఊరికి పక్క పల్లెకే. కోచ్ అక్కడ బడి పిల్లలకు కబడ్డీ నేర్పించేవాడు. దారిలో ఎదురైతే ఆ పిల్ల పక్కకు తిరిగి ఉమ్మేదట. "చెయ్యి వదిలినోడు" అని ఊరంతా తిరిగి చెప్పేది. ఆయన ఎక్కడా కాదనలేదు. నేను ఒకసారి పోయాను ఆయన దగ్గరికి, నిజం చెప్పేస్తానని. "నీకు మొగుడు, పిల్లోళ్ళు ఉండారు. ఆ పాప నోరు మంచిది కాదు. నాకైతే అలవాటే గదా తల్లీ, ఊరుకో" అన్నాడు. ఊరుకోమన్నదే తడవుగా ఊరుకున్నాను. ఆ తర్వాత ఆయన ముఖం చూసే ధైర్యం లేక మళ్ళీ పోలేదు.

మల్లేశం ఫోను పెట్టేశాక, వాడికే మళ్ళీ ఫోను చేసి రెడ్డెమ్మ నంబరు తీసుకున్నాను. ఎత్తింది. గొంతు ముసలిదైపోయింది. యోగక్షేమాలు అడగనివ్వకుండా చెప్పేశాను. సంచి, టేప్ రికార్డర్, నేను గుంజుకున్న చెయ్యి, అన్నీ. ఆయన పడిపోయేదాకా వదల్లేదని కూడా చెప్పాను.



"మొన్న మా ఊర్నించి అందురూ ట్రాక్టర్లో పొయ్యొచ్చినారక్కా, ఆయన్ని కడసారి సూడను" అంది రెడ్డెమ్మ. "నన్నూ రమ్మన్నారు. నా చెయ్యి వదిలినోని మొగం నేనెందుకు సూడాల అని వాకిలేసుకోని ఇంట్లోనే కూసున్నా."

ఆ తర్వాత ఏడ్చింది. నన్ను ఒక్క మాట కూడా అనలేదు.